బోధను చెరకు తోవలో గంగు పాదం

నేను బోధను దిక్కు పోయి వచ్చానని తెలిసిన కాడి నుంచి మా కామారెడ్డిలో ఎవరు ఎదురైనా కొత్త చక్కెర మిల్లు సంగతే అడుగుతున్నారు. పొగగొట్టం ఎంత ఎత్తున్నది, దీపాలు నూనె లేకుండానే వెలుగుతాయట కదా, చూడటానికి పోయినవాళ్లకు పిడికెడు చక్కెర ఊరికే పెడతారట కదా అని. పెట్టరు. గేటు కాడనే తరిమేస్తారు. పొగగొట్టం ఎత్తుగానే ఉన్నది. దాని చుట్టుపక్కల పులిసిన చెరకు మడ్డి వాసనకు ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకోవాలి. ఇంతకన్నా మిల్లు గురించి రాయడానికి నా దగ్గర ఏమీ లేదు. నేను పోయింది మిల్లు చూడటానికి కాదు, మా గంగు కాలు చూడటానికి.

గంగామణి నా బిడ్డ కన్న బిడ్డ. తల్లి పోతే నేనే పెంచి, రుద్రూరు అవతల ఒక ఊరికి ఇచ్చాను. ఆ ఊరి పేరు రాయను. ఆ ఊరి నుంచి చెరకు బండ్లు తోలే ఒకతను మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చి, లోపలికి రమ్మన్నా రాకుండా వాకిట్లో నిలబడే చెప్పాడు.

"అవ్వా, నీ మనుమరాలికి పెద్దరోగమట. కాలి వేలు మొద్దువారింది. కొట్టంల పండవెట్టిండ్రు. నువ్వు అచ్చి తోలుకపోవాల్నట."

"మరి పిల్ల?" అన్నాను. గంగుకు పాలు తాగే ఆడపిల్ల ఉన్నది.

"పిల్లనియ్యరట. గది మా ఇంటి పిల్ల అంటున్నరు."

పెద్దరోగమంటే కుష్టు. ఆ మాట ఒకసారి ఊళ్లో పడితే మనిషిని బతికుండగానే లెక్కలోంచి తీసేస్తారు. గంగుకు ఉన్నది ఆ రోగమా కాదా తేల్చాలి, కాదంటే పిల్లను దాని ఒళ్లో వేయాలి. ఈ పని మీద బయలుదేరాను. రొట్టెలు కట్టుకున్నాను, ఎందుకంటే స్టేషన్లలో అమ్మే పూరీలు నూనెలో కన్నా బేరంలో ఎక్కువ కాలుతాయి.

ఇందూరు రైలులో

స్టేషను బోర్డు మీద నిజామాబాదు అని రాసి ఉంటుంది గాని దిగేవాళ్లూ ఎక్కేవాళ్లూ అందరూ ఇందూరనే అంటారు. రైలులో నా ఎదురుగా ఒక కచేరీ గుమాస్తా కూర్చున్నాడు. నల్ల షేర్వానీ, కొనదేలిన బూట్లు. డిచ్‌పల్లి దాటే దాకా కాళ్లు అటూ ఇటూ మార్చుకుని, ఇక ఓర్వలేక బూట్లు విప్పాడు. చూస్తే బొటనవేలు పక్కవేలి మీదికి ఎక్కి కూర్చున్నది. వేలి మొదట్లో కీలు ఉల్లిగడ్డంత బయటికి పొడుచుకొచ్చి ఎర్రగా మెరుస్తున్నది.

"ఏంది కొడకా, నీ వేలు గట్ల అడ్డం తిరిగింది?" అని అడిగాను.

"బూట్లవ్వా. కచేరీల సాయబు ముంగట చెప్పులతోని నిలవడొద్దు."

"నీ కాలు కొలత సూసి కుట్టలేదా ఆ కుట్టినోడు?"

"నా కొలత కాదు. సాయబు కాలివి. పాతవడ్డయని నాకిచ్చిండు. ఫుకట్‌ల అచ్చినయి, పారేస్తమా?"

నేను పైసను గట్టిగా పట్టుకునే మనిషినే. మా వీధిలో ఈ మాట ఎవరినడిగినా చెబుతారు. కాని ఎముక ఇచ్చి తోలు తెచ్చుకునే బేరం నేనెప్పుడూ చేయలేదు. అతను దిగేముందు మళ్లీ ఆ బూట్లలోకి కాళ్లు దూర్చడానికి పడిన పాట్లు చూస్తే, ఆ కచేరీలో నడిచే కాగితాలన్నీ ఎందుకు కుంటుతాయో తెలిసింది.

కంఠేశ్వరు

ఇందూరు కంఠేశ్వరులో మా చిన్నమ్మ బిడ్డ రాజవ్వ ఉన్నది. ఆమె, ఆమె కోడండ్లు గుడి పక్క సందులో కూర్చుని బీడీలు చుడతారు. ఇందూరులో ఇప్పుడు ఏ సందులోకి పోయినా ఒళ్లో చాట, చాటలో ఆకు, తంబాకు. మా దిక్కు ఆడవాళ్లు కూర్చున్నారంటే నాలుగు మాటలు మాట్లాడుకుంటారు. ఇక్కడ తల ఎత్తరు. మాట్లాడితే వేలి ఒడుపు పోతుందట.

జొన్నరొట్టె, పచ్చిపులుసు పెట్టింది. రొట్టె మందంగా తట్టి, మధ్యలో పచ్చిగా దించింది. తిన్నాను. నేను పోతున్న పని చెప్పగానే రాజవ్వ చేతిలో ఆకు ఆగిపోయింది. చాటను నాకు ఎడంగా జరిపింది.

"అక్కా, ఏమనుకోకు. మళ్లచ్చేటప్పుడు ఆ పిల్లతోని మా ఇంటికి రాకు. కోడండ్లున్నరు. పొల్లగాండ్లున్నరు."

"గంగును నువ్వు సూసినవా?"

"సూసుడెందుకక్కా, నువ్వు చెప్తున్నవ్ గదా."

రోగం గంగు కాలిలో ఉన్నది, గంగు రుద్రూరు అవతల ఉన్నది, నేను ఇంకా గంగు ముఖమే చూడలేదు. అయినా నా నోటి మాట తగిలి బీడీ ఆకు చెడిపోతుందట. ఆ చాటలోని బీడీలను పట్నాలలో ఎవరెవరో నోట్లో పెట్టుకుంటారు. వాళ్లెవరో రాజవ్వ ఎన్నడైనా అడిగిందా? చేయి కడుక్కుని లేచాను. పడుకోమని కూడా అన్నది, వాకిట్లో.

బోధను తోవ

ఇందూరు నుంచి బోధనుకు మోటారు బస్సు. ఎద్దుబండికన్నా తొందరగా పోతుందని చెప్పి ఎక్కించుకుంటారు. ఎక్కాక తెలుస్తుంది, ప్రతి ఊరి ముందూ డ్రైవరు దిగి ఎవరితోనో చాయ్ తాగుతాడని. కూర్చోవడానికి చోటు లేక ఒక రైతు తన సంచీల మీద కూర్చోమన్నాడు. అవి ఆడించిన పసుపు సంచీలని దిగేదాకా తెలియలేదు. మొగుడు పోయి ఏండ్లైన నేను నడుం నుంచి కిందికంతా పసుపు చీరతో బోధను బజారులో దిగాను. చూసినవాళ్లు చూశారు. ఒక మరాఠీ ఆమె మిరపకాయలు అమ్ముతూ నన్ను చూసి తన భాషలో ఏదో అని పకపకా నవ్వింది. ఆమె దగ్గర కొనలేదు.

ఆ బజారులో సగం తెలుగు, సగం మరాఠీ, మధ్యలో ఉర్దూ. చెరకు రసం గిద్దెడు అర్ధణా. ఊరి చుట్టూ చెరకే పెట్టుకుని, దాన్ని పిండి నీళ్లు కలిపి అర్ధణాకు అమ్మడానికి సిగ్గుండాలి. ఇక్కడ పులుసులో బెల్లం, పప్పులో బెల్లం, ఆఖరికి చాయ్‌లో కూడా బెల్లమే. ఇంత తీపి తిన్నవాళ్ల నోట ఒక తీపి మాట వినలేదు.

మిల్లు ముందు చెరకు బండ్ల వరుస ఊరి చివరి దాకా ఉన్నది. ఆ వరుసలోనే గంగు మొగుడు పోశెట్టి ఉంటాడని బండ్లతను ముందే చెప్పాడు. ఉన్నాడు. ఎద్దుల మెడ గోకుతూ నిలబడ్డాడు.

"నీ పెండ్లామెట్లున్నది?" అని అడిగాను.

"నేను సూడలేదవ్వా. దగ్గరికి పోవద్దని అమ్మ చెప్పింది."

"ఎన్నాళ్ల సంది?"

"మొన్న అమాస సంది."

"ఎద్దు కుంటితే సూస్తవా, అమ్మనడిగి సూస్తవా?"

మళ్లీ ఎద్దు మెడ గోకాడు. బండి ఖాళీ అయ్యేదాకా ఆగి, అదే బండిలో ఎక్కాను.

రుద్రూరు అవతల

కొత్త కాలువ వచ్చినప్పటి నుంచి ఈ దిక్కు నేల ఏడాది పొడుగునా తడిగానే ఉంటుంది. మా దిక్కు వానకు ఎదురు చూస్తారు, వీళ్లు బురదను తిట్టుకుంటారు. పోశెట్టి తల్లి లింగవ్వ పిల్లను చంకనేసుకుని ఎదురొచ్చింది. మనిషి చురుకు, నోరు ఇంకా చురుకు. కూర్చోమనకుండా కొట్టం దిక్కు చేయి చూపింది.

గంగు ఎద్దుల పక్కన గడ్డి మీద కూర్చుని ఉన్నది. నన్ను చూసి లేవబోయి, కుడికాలు మోపలేక కూలబడింది. పాదం పైభాగం బూరెలా ఉబ్బింది. బొటనవేలి పక్కవేలు నల్లబడింది. వేలి మొదట్లో మట్టె మాంసంలోకి దిగిపోయి, వెండి అంచు ఒక్కటే కనిపిస్తున్నది. దగ్గర్లో సత్తు గిన్నె, దాన్ని ఇటు నెట్టడానికి ఒక కట్టె.

"పిల్లను సూడనిస్తలేరవ్వా. ఏడుస్తుంటే ఇనవడుతది," అన్నది. అంతే అన్నది. పాలు కారి రవిక తడిసి ఉన్నది.

లింగవ్వ కొట్టం బయట నిలబడే తన లెక్క తాను చెప్పింది. మిల్లు దగ్గర బండ్లు నిలిపే జాగాకు కంకర పోస్తుంటే కూలికి గంగును పంపిందట. బాలింత పచ్చి ఆరిందో లేదో, నెత్తిన కంకర తట్టతో పొద్దస్తమానం ఉత్తకాళ్లతో కంకర మీదే నడక. కొన్నాళ్లకు కాలు ఉబ్బింది.

"పడలే, రాయి తాకలే, పాము ముట్టలే. మరి ఊకెనే ఉబ్బుతదా? తుమ్మముల్లు తోని ఆ వేలు పొడిసి సూసిన. కుయ్ మనలే. గది పెద్దరోగం గాక ఏంది?" అన్నది లింగవ్వ.

"ఆ మట్టెను సూసినవా? ఎవరు బిగిచ్చిండ్రు?"

"నేనే. మడిల జారితే వెండి దొరుకుతదా? కంసాలిని పిలిచి ఇంట్ల ఆడోళ్లందరికి మట్టెల కొనలు ఒకదాని మీదొకటి ఎక్కిచ్చి పట్కారుతోని నొక్కిచ్చిన."

మా దిక్కు మట్టె మూతి విడిగానే ఉంటుంది. కాలు ఉబ్బితే వదులు చేసుకుంటాం. వీళ్లకు వేలికన్నా వెండి ముద్దు. తీద్దామని నేను వంగితే లింగవ్వ కేక పెట్టింది. "మొగడు బతికుండంగ మట్టె తీస్తరా? ఏం మనిషివమ్మా నువ్వు!"

మొగుడు ఎద్దులకు నీళ్లు పెడుతున్నాడు.

"డిచ్‌పల్లికి తోలుకపోత," అన్నాను. "గా రోగానికే ఉన్న దవాఖాన గది. వాళ్లకు తెల్వంది నీ తుమ్మముల్లుకు తెలుస్తదా?"

లింగవ్వ పిల్లను ఇటు చంక నుంచి అటు చంకకు మార్చుకున్నది. "పో. గాడ కాదన్నరంటే పిల్లనిస్త, నా నోట నేనే తప్పయిందంట. అవునన్నరంటే నువ్వు గాని అది గాని మళ్ల ఈ గడప తొక్కద్దు."

ఊళ్లోవాళ్లు గోడల మీది నుంచి విన్నారు. మంచిదే అనుకున్నాను.

డిచ్‌పల్లి

పోశెట్టే బండి తోలాడు. ఎంత ముందుకు జరిగి కూర్చున్నాడంటే ఎద్దుల తోకలు అతని ముఖానికి తగులుతున్నాయి. తన పిల్లను కన్న మనిషి నుంచి తప్పించుకోవడానికి ఎద్దు తోకే మేలనుకున్నాడు. తోవలో ఇందూరు వచ్చింది, కంఠేశ్వరు దిక్కు తిరగలేదు. ఊరి బయట బండి కిందే పడుకుని, మర్నాడు డిచ్‌పల్లి చేరాం.

దవాఖాన అంటే చీకటి కొట్టాలు ఉంటాయనుకున్నాను. చెట్లు, సున్నం కొట్టిన గోడలు, మొక్కలకు నీళ్లు పోస్తున్న రోగులు. మమ్మల్ని చూసిన డాక్టరమ్మ కోస్తా దిక్కు మనిషి. ప్రతి మాటకూ అండీ, మీరూ అంటుంది. ఇంత మర్యాద చేసేవాళ్లు ఆఖరికి ఏదో ఒకటి అమ్ముతారని నాకు అనుమానం. ఏమీ అమ్మలేదు.

గంగును కళ్లు మూసుకోమని, దూదితో ఒళ్లంతా తాకింది. ఎక్కడ తాకానో వేలు పెట్టి చూపమన్నది. మడమ, అరికాలు, చిటికెనవేలు, మోకాలు, చేతులు, చెవి అంచులు. గంగు అన్నీ చూపింది. ఆ ఒక్క వేలు తప్ప. అప్పుడు డాక్టరమ్మ పాదం పైన, ఆ వేలి వెనక, బొటనవేలితో మెల్లగా నొక్కింది.

గంగు కెవ్వుమని అరిచింది. బయట ఎద్దులు బెదిరాయి. దాన్ని పెంచిన ఇన్నేండ్లలో అది ఏడిస్తే నేను సంతోషపడింది అప్పుడే.

"ఎముక చిట్లిందండీ," అన్నది డాక్టరమ్మ. "మెట్టె కోయాలి, ముందు."

సన్నటి పట్కారుతో మట్టెను తెంపుతుంటే పోశెట్టి గుమ్మంలో కూలబడి బావురుమన్నాడు. "అయిపాయె! నేను సచ్చినట్టే గదా అవ్వా!"

"సచ్చినోనివి గింత దూరం బండెట్ల తోలినవ్ రా? లే, కండ్లు తుడుసుకో."

డాక్టరమ్మ బీరువాలోంచి తీగతో కూర్చిన పాదం ఎముకలు తెచ్చి బల్ల మీద పెట్టింది. ఎవరివో అడగలేదు. వేళ్ల వెనక, పాదం లోపల, ఐదు పొడుగాటి ఎముకలు విసనకర్ర పుల్లల్లా ఉన్నాయి. మనం వేళ్లనుకునేవి ఆ పుల్లల కొసలకు అతికిన చిన్న ముక్కలట. మనిషి అడుగు వేసి మడమ ఎత్తినప్పుడల్లా ఒళ్లంత బరువూ ఈ ఐదింటి తలల మీదే పడుతుంది. బొటనవేలి వెనకది పొట్టిగా, లావుగా ఉన్నది. దాని తల కింద శనగగింజల్లాంటి రెండు చిన్న ఎముకలు కూడా ఉన్నాయి, బరువును కాసుకోవడానికి. దాని పక్కది, మట్టె పెట్టుకునే వేలిది, పొడుగ్గా, సన్నగా ఉన్నది. పైగా వెనక గట్టిగా బిగుసుకుని ఉంటుంది, మిగతావాటిలా కదిలి తప్పించుకోలేదు. చిట్లితే ముందు అదే చిట్లుతుందట.

ఇంత చిన్న పాదంలో ఇన్ని ముక్కలు పెట్టి, మళ్లీ వాటిలో సన్నదానికే ఎక్కువ బరువు పెట్టిన పనితనం నాకు నచ్చలేదు. ఆ మాటే అన్నాను. డాక్టరమ్మ నవ్వింది.

"పడకుంట, దెబ్బ తాకకుంట ఎముకెట్ల చిట్లుతదమ్మా?" అని అడిగాను. లింగవ్వ అడగబోయేది అదే కదా.

"తీగను ఒకే చోట వంచి వంచి చూడండి. ఎప్పుడో ఒకప్పుడు తెగుతుంది కదా, ఎవరూ సుత్తితో కొట్టకపోయినా. మెత్తటి మళ్లలో నడిచిన కాలు ఒక్కసారిగా కంకర మీద బరువు మోసింది. అందులో బాలింత. పాదం వాచింది. వాచిన వేలికి మెట్టె ఉరి వేసింది, వేలు మొద్దుబారింది. అంతే."

పట్టీ కట్టి, నెలన్నర దాకా కాలు మోపి బరువెత్తవద్దన్నది. ఊరికే దొరికిన డాక్టరు కదా అని, రైలులో చూసిన గుమాస్తా బొటనవేలు సంగతి కూడా అడిగాను. ఇరుకు బూటు వేలిని లోపలికి నెడితే దాని వెనక ఎముక బయటికి జరుగుతుందట, బూటు మారిస్తే నొప్పి తగ్గుతుంది గాని వంకర పోదట. అతను మార్చడు.

లేస్తుంటే డాక్టరమ్మ ఒక మాట చెప్పింది. "ఆ రోగమైతే ఇలా నొక్కితే అరవరు. కాలి మీద నిప్పు పడినా, వేడి నూనె పడినా తెలియదు. మొదట ఉండేది ఆ తెలియకపోవడమే, ఏళ్ల తరబడి. అలాంటి వాళ్లు కనిపిస్తే కొట్టంలో పెట్టకండి. ఇక్కడికి తీసుకురండి. తొందరగా వస్తే నయం."

ఆ రాత్రి సత్రంలో పడుకున్నాం. తెల్లారి లేచేసరికి ఆ వేలిలో చీమలు పాకుతున్నట్టున్నదని గంగు చెప్పింది. పోశెట్టి వచ్చి, దూరం నుంచే, ఏ వేలు అని అడిగాడు. తిరుగు తోవలో ఎద్దు తోకల నుంచి కొంచెం వెనక్కి జరిగాడు.

బెల్లం పెనం దగ్గర

మేం చేరేసరికి వాళ్ల చెలకలో గానుగ ఆడుతున్నది. మిల్లుకు పోగా మిగిలిన చెరకును వీళ్లు ఇంట్లోకి బెల్లం వండుకుంటారు. పెద్ద పెనంలో పాకం కుతకుతలాడుతున్నది. లింగవ్వ ఒక చంకన పిల్లతో, ఒక చేత్తో జల్లెడ గంటె పట్టుకుని నురగ తీస్తున్నది. చుట్టూ పనివాళ్లు, పక్క చెలకల వాళ్లు.

"ఏమన్నరు?" అని గంటె ఆపకుండానే అరిచింది.

"ఎముక చిట్లింది," అన్నాను అందరికీ వినపడేట్టు. "నీ కంకర తట్ట చిట్లగొట్టింది, నీ మట్టె ఉరేసింది. రోగం లేదు గీగం లేదు. పిల్లనియ్యి."

"పడకుంట ఎముకెట్ల ఇరుగుతది? గా డాక్టరుకు ఎన్ని పైసలిచ్చినవ్ అట్ల చెప్పుమని?"

"పైసలిచ్చే మొఖమేనా నాది?"

పనివాళ్లు నవ్వారు. లింగవ్వకు మండి, గంటెను పెనం అంచుకు వేసి కొట్టింది. పాకం ఎగిరి ముద్దగా ఆమె ఎడమ పాదం మీద పడింది. మరిగే పాకం. పక్కనున్నతను ఒక్క చుక్క చేతి మీద పడితే చేయి విదిలించి ఎగిరి గంతేశాడు.

లింగవ్వ కదలలేదు. నన్ను తిడుతూనే ఉన్నది. పాదం మీద పాకం బుడగలు పోతున్నది, ఆమె మా వంశాన్ని లెక్క పెడుతున్నది.

నేను చూశాను. బండిలో నుంచి గంగు చూసింది. డాక్టరమ్మ చెప్పిన మాట మేమిద్దరం విన్నవాళ్లమే. ఇంకెవరి కళ్లూ ఇంకా అటు పోలేదు.

తోవ పొడుగునా ఈ మనిషికి చెప్పాలని ఎన్ని మాటలు కూర్చుకున్నానో. అవన్నీ వదిలేశాను. పక్కనున్న నీళ్ల బిందె ఎత్తి ఆమె కాళ్ల మీద గుమ్మరించాను.

"ఏం జేస్తున్నవ్, పిచ్చి లేసిందా?" అని కిందికి చూసింది. గట్టిపడిన బెల్లం, దాని అంచున లేస్తున్న బొబ్బ. వంగి వేలితో ముట్టింది. మళ్లీ ముట్టింది. ముఖంలో రక్తం లేదు. ఈ ఊళ్లో తుమ్మముల్లు పరీక్ష అందరికన్నా బాగా తెలిసిన మనిషి ఆమె.

అప్పుడామె నేనడగకుండానే బండి దగ్గరికి నడిచి, పిల్లను తన ఒంటికి తగలకుండా చేతులు బారచాపి గంగుకు అందించింది. పిల్ల కొత్త చేసి ఒకసారి ఏడ్చి, వాసన పట్టి, రవికలో ముఖం దూర్చింది.

"ఏమైందే లింగవ్వా?" అని పనివాళ్లలో ఒకామె లేచింది.

"ఏం గాలే," అన్నాను నేను. "ఆమె మట్టె గూడ బిగుతైంది. కాలు తిమ్మిరెక్కింది. డిచ్‌పల్లికి పోయి కోపిచ్చుకుంటది."

నిజానికి ఆమె మట్టె వేలి మీద గిరగిరా తిరుగుతున్నది. అది ఎవరికీ కనిపించకుండా నేను పాత చీర చెంగు చింపి కట్టు కట్టాను.

మర్నాడు పొద్దున పోశెట్టి మళ్లీ బండి కట్టాడు. కాలు అతికేదాకా గంగు నా దగ్గరే ఉంటుంది. మా ఇద్దరినీ, పిల్లనూ ఇందూరు స్టేషనులో దింపి అతను తల్లితో డిచ్‌పల్లికి పోవాలి. లింగవ్వ కొంగు నిండా కప్పుకుని వచ్చి, బండి వెనక కొసకు, చక్రం మీద పడేంత దూరంగా ఒదిగి కూర్చోబోయింది. గంగు పిల్లను నాకిచ్చి, పట్టీ కట్టిన కాలు మెల్లగా జరుపుకుని, పక్కన గడ్డి సర్ది చేత్తో తట్టింది.

"అంత కొసకు ఎందుకత్తా, గీడ కూసో," అన్నది.

నేనైతే ఆ మాట అనేదాన్ని కాదు.